పులిసినదల్లా ప్రోబయోటిక్ అవుతుందా?

భీమవరం, ఆకివీడు వైపు ఆక్వా మందుల షాపుల్లో 'ప్రోబయోటిక్' అన్న మాట లేని అర కనిపించదు. మెడికల్ షాపులో విరేచనాలు పట్టుకున్న పిల్లలకిచ్చే చిన్న సీసా మీదా అదే మాట ఉంటుంది. సూపర్ మార్కెట్‌లో కొన్ని పెరుగు డబ్బాల మీదా ఉంటుంది. ఈమధ్య ఫోన్ తెరిస్తే చద్దన్నం, తరవాణి, ఇడ్లీ, చివరికి ఆవకాయ కూడా 'మన పూర్వీకుల ప్రోబయోటిక్' అంటూ వీడియోలు వస్తున్నాయి.

మొన్న మా పిన్ని అడిగింది: "మీ బాబాయి చెరువులో పోసేదీ, మనవడికి డాక్టరుగారు రాసిందీ ఒకటేనేంట్రా? రెండిటి మీదా అదే పేరుంది." బాబాయికి రెండెకరాల రొయ్యల చెరువుంది కాబట్టి ఆ ఇంట్లో రెండు రకాలూ ఉన్నాయి. చాలా మంచి ప్రశ్న. దానికి జవాబు చెప్పాలంటే పెరుగు తోడు దగ్గర మొదలుపెట్టి, వరి విత్తనాల మీదుగా, మళ్లీ చెరువు గట్టు దాకా నడవాలి.

పులియడం అంటే జరిగేది ఏమిటి

గోరువెచ్చని పాలలో చెంచాడు పెరుగు వేస్తాం. ఆ చెంచాలోని బ్యాక్టీరియా పాలలో ఉన్న చక్కెరను, అంటే లాక్టోజ్‌ను, తిని లాక్టిక్ ఆమ్లాన్ని వదులుతుంది. పులుపు ఒక స్థాయికి చేరగానే పాలలోని మాంసకృత్తులు గడ్డకడతాయి. పాలు తోడుకున్నాయంటాం. ఎండాకాలం నాలుగైదు గంటల్లో అయిపోయే ఈ పని సంక్రాంతి చలిలో గిన్నెకు గుడ్డ చుట్టి పెట్టినా తెల్లవారేదాకా పడుతుంది. చేసేది ప్రాణమున్న జీవి కాబట్టి దానికి వెచ్చదనం కావాలి.

లాక్టిక్ ఆమ్లం రావడానికి కారణం సూక్ష్మజీవులేనని 1857లో లూయీ పాశ్చర్ చెప్పాడు. పులియడాన్ని 'గాలి లేని బతుకు' అని తర్వాత ఆయనే వర్ణించాడు. శాస్త్రవేత్తలు ఇప్పటికీ ఆ ఇరుకైన అర్థాన్ని వాడతారు: ఆక్సిజన్ సాయం లేకుండా చక్కెరను విరిచి శక్తి తీసుకోవడం. ఫ్యాక్టరీ వాళ్లు మాత్రం పెద్ద ట్యాంకుల్లో సూక్ష్మజీవుల్ని పెంచే ఏ పనినైనా, గాలి పంపు పెట్టి చేసినా సరే, ఫెర్మెంటేషన్ అనే అంటారు. వంటింటి అర్థం ఈ రెంటికీ మధ్యలో ఉంది. మనకు కావలసిన సూక్ష్మజీవుల్ని పెరగనిచ్చి, వాటి చేత ఆహారాన్ని మార్పించుకోవడం.

తరవాణి ఇందుకు చక్కని ఉదాహరణ. గంజీ, కడుగునీళ్లూ, కాస్త అన్నమూ కుండలో వేసి పులవనిస్తారు. వాసన కోసం దబ్బాకులు వేసే ఇళ్లూ ఉన్నాయి. రోజూ కొంత తీసి, కొంత కొత్తది పోస్తారు. దానికి విడిగా తోడు వెయ్యరు, ఎందుకంటే కుండే తోడు. నిన్నటి పులుపు గోడల్లో, అడుగున మిగిలి ఇవాళ్టిదాన్ని పులియబెడుతుంది. ఆ కుండలో ఎన్ని రకాల జీవులున్నాయో, ఏవి ఎక్కువో ఇంటింటికీ మారిపోతుంది. దీన్ని గుర్తుపెట్టుకోండి, మళ్లీ పని పడుతుంది.

'ప్రోబయోటిక్' ఎటు నుంచి వచ్చింది

పుల్లని పాలు తాగే బల్గేరియా పల్లెవాళ్లు ఎక్కువ కాలం బతుకుతున్నారని, దానికి కారణం ఆ పెరుగులోని బ్యాక్టీరియా కావచ్చని 20వ శతాబ్దం మొదట్లో ఇల్యా మెచ్నికోవ్ వాదించాడు. ఆయన 1908లో నోబెల్ అందుకున్న శాస్త్రవేత్త (ఆ బహుమతి రోగనిరోధక శక్తి మీద చేసిన పనికి, పెరుగు మీద కాదు). ఆలోచన ఆయనదే అయినా ఈ మాట ఆయన వాడలేదు.

1965లో ఇద్దరు శాస్త్రవేత్తలు ఒక సూక్ష్మజీవి వదిలే పదార్థం ఇంకో సూక్ష్మజీవిని పెంచితే ఆ పదార్థాన్ని ప్రోబయోటిక్ అన్నారు. చంపేది యాంటీబయాటిక్ అయితే పెంచేది ప్రోబయోటిక్. 1974లో ఈ మాట పశువుల మేతలోకి వచ్చింది. పేగులోని సూక్ష్మజీవుల సమతూకానికి సాయపడేవాటికి ఆ పేరు పెట్టారు. 1989 నాటి నిర్వచనంలో కూడా 'మేతలో కలిపే బతికున్న సూక్ష్మజీవులు' అనే ఉంది. రొయ్యల రైతు ఈ మాట వాడితే మనుషుల మాటను చెరువులోకి లాక్కొచ్చాడని కొందరు అనుకుంటారు. చరిత్ర చూస్తే మేతలో స్థిరపడ్డాకే ఈ మాట మన పెరుగు డబ్బా మీదకు వచ్చింది.

ఇప్పుడు ప్రపంచమంతా వాడే నిర్వచనం 2001లో ఐక్యరాజ్యసమితి ఆహార వ్యవసాయ సంస్థ, ప్రపంచ ఆరోగ్య సంస్థ పిలిచిన నిపుణుల సమావేశంలో వచ్చింది. 2014లో చిన్న సవరణతో దాన్నే మళ్లీ ఖాయం చేశారు. మన మాటల్లో చెప్పుకుంటే ఇది: తగినంత మోతాదులో ఇచ్చినప్పుడు, తీసుకున్నవారి ఆరోగ్యానికి మేలు చేసే బతికున్న సూక్ష్మజీవులు.

ఇందులో 'పులియడం' అన్న మాటే లేదని గమనించండి. బతికుండాలి, మోతాదు ఉండాలి, మేలు ఉండాలి, అంతే. కాబట్టి పొడిగా క్యాప్సూల్‌లో నింపిన బ్యాక్టీరియా దేన్నీ పులియబెట్టకుండానే ప్రోబయోటిక్ కావచ్చు. బాగా పులిసిన పదార్థం ప్రోబయోటిక్ కాకనూ పోవచ్చు.

వరిలో రకాల్లాగే బ్యాక్టీరియాలోనూ

మేలు చేసే జీవి ఏదో చెప్పాలంటే పేరు పూర్తిగా చెప్పాలి. ఇక్కడే ఎక్కువ మంది తడబడతారు. డెల్టాలో పుట్టినవాళ్లకు మాత్రం ఇది కష్టం కాదు.

విత్తనాల షాపుకెళ్లి "వరి ఇవ్వండి" అంటే ఏం ఇస్తారు? ఏ వరి అని అడుగుతారు. మార్టేరు పరిశోధన కేంద్రం ఇచ్చిన రకాల్లో ఎంటీయూ 7029 ఒకటి, మనం స్వర్ణ అంటాం. ఎంటీయూ 1010 ఇంకొకటి. రెండూ వరే. కానీ స్వర్ణ దాదాపు 150 రోజులు తీసుకునే సార్వా (ఖరీఫ్) పంట, 1010 దాదాపు 120 రోజుల్లో కోతకొస్తుంది కాబట్టి దాళ్వాకు (రబీకి) పనికొస్తుంది. దీని గుణం దానికి అంటగడితే పంట పోతుంది.

బ్యాక్టీరియా పేరూ అంతే. 'బాసిల్లస్' అంటే 'గడ్డిజాతి' అన్నంత విశాలమైన మాట. 'బాసిల్లస్ సబ్టిలిస్' అంటే 'వరి' అన్నట్టు. ఆ తర్వాత వచ్చే అక్షరాలో నంబరో ఉంటేనే 'ఎంటీయూ 7029' అన్నట్టు. దాన్ని స్ట్రెయిన్ అంటారు. పరీక్షలు జరిగేది స్ట్రెయిన్ మీద, మేలు రుజువయ్యేదీ స్ట్రెయిన్‌కే. ఒక్క బాసిల్లస్ కుటుంబంలోనే చెరువుల్లో వాడే సబ్టిలిస్ ఉంది, పిల్లల సీసాలో ఉండే క్లాసీ (ఈమధ్య శాస్త్రవేత్తలు దీని ఇంటిపేరు మార్చినా లేబుళ్ల మీద పాతదే) ఉంది, మిగిలిపోయిన అన్నంలో పెరిగి వాంతులు పట్టించే సీరియస్ (cereus) ఉంది, పశువులకు ఆంత్రాక్స్ తెచ్చేదీ ఉంది. ఇంటిపేరు ఒకటైనంత మాత్రాన గుణం ఒకటి కాదు.

పిన్ని ప్రశ్నకు సగం జవాబు ఇక్కడే దొరికింది. లేబుల్ మీద సీసాలోదీ, చెరువు ప్యాకెట్‌లోదీ ఇంటిపేరు ఒకటే. రకాలు వేరు, పరీక్షించిన ప్రాణి వేరు.

పది కోట్ల లెక్క

మోతాదును సీఎఫ్‌యూల్లో కొలుస్తారు. కాలనీ ఫార్మింగ్ యూనిట్లు అని దాని పూర్తి పేరు. రొయ్యల రైతులకు ఇదీ కొత్త కాదు. చెరువు నీళ్లు ల్యాబుకిస్తే ప్లేటు మీద 'గ్రీన్ కాలనీలు ఇన్ని, ఎల్లో కాలనీలు ఇన్ని' అని విబ్రియో (రొయ్యలకు రోగాలు తెచ్చే బ్యాక్టీరియా జాతి) లెక్క చెబుతారు కదా, ఆ కాలనీయే ఇది. నీటి చుక్కలోని ఒక్కో బతికున్న కణం ప్లేటు మీద పెరిగి కంటికి కనిపించే చుక్కవుతుంది. చచ్చినవి లెక్కలోకి రావు. (ఆ ప్లేటులో పసుపు రంగు రావడానికి కారణం కూడా పులియడమే. అందులో వేసిన చక్కెరను కొన్ని విబ్రియోలు పులియబెట్టి ఆమ్లం చేస్తాయి, దాంతో రంగు మారుతుంది. అంటే పసుపు అన్నది చక్కెరను పులియబెట్టే గుణానికి గుర్తు. అది మంచిదని చెప్పే ముద్ర కాదు.)

మన దేశంలో మనుషుల ఆహారానికి ప్రోబయోటిక్ అని పేరు పెట్టాలంటే రోజుకు తీసుకోమని చెప్పిన పరిమాణంలో కనీసం 10 కోట్ల సీఎఫ్‌యూలు ఉండాలని ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ (మన దేశ ఆహార భద్రతా సంస్థ) నిబంధన. ఒక డబ్బా మీద గ్రాముకు 10 లక్షలు అని ఉందనుకోండి. 100 గ్రాములు తింటే 10 కోట్లు, సరిపోయింది. అదే డబ్బాను ఇద్దరు పిల్లలకు పంచితే ఒక్కొక్కరికి 5 కోట్లే, సరిపోలేదు. ఫ్రిజ్ లేకుండా రెండ్రోజులు బయట ఉండి సగం చచ్చిపోయినా అంతే.

మరి ఇంట్లో తోడేసిన పెరుగు సంగతి? అందులో కూడా కోట్లలోనే ఉంటాయి. ఎన్నో, ఏ రకమో ఎవరూ లెక్కపెట్టలేదు, అంతే తేడా. అలాగని దాన్ని తక్కువ చెయ్యడం సరికాదు. పెరుగు తయారుచేసే మామూలు బ్యాక్టీరియా, గ్రాముకు 10 కోట్లు బతికుంటే, పాలు పడనివాళ్లకు లాక్టోజ్ అరగడంలో సాయపడుతుందని యూరప్ ఆహార భద్రతా సంస్థ 2010లో ఒప్పుకుంది. ఇలాంటి వాదనల్ని ఆ సంస్థ వరసగా తిప్పికొట్టిన కాలమది. ఈ ఒక్కటీ నిలబడింది.

ఇడ్లీ, ఆవకాయ, కల్లు

మినప్పిండి పొంగేది ముఖ్యంగా ల్యూకోనోస్టాక్ అనే బ్యాక్టీరియా వదిలే వాయువు వల్ల. అది మినప్పప్పుతోనే వస్తుంది, మనం వేసేది కాదు. ఇడ్లీ పులిసిన ఆహారమే, సందేహం లేదు. కానీ ఆవిరి మీద ఉడికాక ఆ బ్యాక్టీరియా బతకదు. పాలకొల్లు దిబ్బరొట్టె పిండిని పులవనిచ్చి కాల్చినా అదే కథ, సెగ మీద అరగంట. అందుకని ఇవి ప్రోబయోటిక్ కావు. పులియడం వల్ల వచ్చిన లాభాలు మాత్రం ఉంటాయి. పిండి తేలిగ్గా అరుగుతుంది, ఖనిజాలను పట్టుకుని వదలని ఫైటేట్లు తగ్గుతాయి. చచ్చిన సూక్ష్మజీవులూ మేలు చేయగలవని 2021లో 'పోస్ట్‌బయోటిక్' అన్న మాటకు నిర్వచనం ఇచ్చారు. అక్కడా ఫలానా మేలు రుజువు కావాలన్న షరతుంది కాబట్టి ఇడ్లీకి ఆ పేరూ ఊరికే రాదు.

ఆవకాయది అసలు పులిసే కథే కాదు. పులుపు మామిడికాయలో ముందే ఉంది. మూడో రోజు తిరగగలిపేటప్పుడు కనిపించే ఊట ఉప్పు లాగిన నీరు. అంత ఉప్పు, ఆవపిండి, నూనె మధ్య సూక్ష్మజీవులు పెరగడం కష్టం. అవి పెరగకూడదనే కదా అంత జాగ్రత్తగా తడి తగలకుండా పెడతాం!

కల్లు దీనికి ఎదురు ఉదాహరణ. తాటిచెట్టు మీంచి దిగినప్పటికే అందులో ఈస్టూ, బ్యాక్టీరియా కోట్లలో బతికి ఉంటాయి. పులిసింది, బతికుంది. అయినా ప్రోబయోటిక్ అనరు, ఎందుకంటే ఆ జీవుల వల్ల ఆరోగ్యానికి మేలని రుజువు లేదు, ఆల్కహాలు వల్ల కీడని ఉంది.

చద్దన్నంలో ఇనుము ఇరవై రెట్లు పెరుగుతుందా

చద్దన్నం గురించి నాకు ఎక్కువ బాధ కలిగించే వాదన ఒకటుంది. 100 గ్రాముల అన్నంలో 3.4 మిల్లీగ్రాముల ఇనుము ఉంటే, రాత్రంతా నానాక అది 73.91 మిల్లీగ్రాములవుతుందని ఏళ్ల తరబడి తిరుగుతోంది. ఇనుము ఒక మూలకం. ఏ బ్యాక్టీరియా దాన్ని తయారుచెయ్యలేదు. కుండలో ఎంత వేశామో అంతే ఉంటుంది, బయటి నుంచి, ఇనప గిన్నె నుంచో నీళ్ల నుంచో, చేరితే తప్ప. పులియడం వల్ల నిజంగా జరిగేది వేరు. ఫైటేట్లు తగ్గి, ఉన్న ఇనుములో ఒంటికి పట్టే భాగం కొంత పెరుగుతుంది. ఇది మంచి విషయమే, కానీ ఇరవై రెట్లు కాదు. మన ఆడవాళ్లకు రోజుకు 29 మిల్లీగ్రాముల ఇనుము కావాలని ఐసీఎంఆర్ (భారత వైద్య పరిశోధన మండలి) లెక్క. గుప్పెడు చద్దన్నంలో రెండున్నర రోజుల ఇనుము ఉందని నమ్మి, రక్తహీనత ఉన్న అమ్మాయి మాత్రలు మానేస్తే నష్టం ఆ అమ్మాయికే.

చద్దన్నానికి ఈ గొప్పలు అవసరం లేదు. చల్లారిన అన్నంలో కొంత పిండిపదార్థం త్వరగా అరగని రూపంలోకి మారి, పీచులా పెద్దపేగు దాకా చేరుతుంది. అక్కడి బ్యాక్టీరియాకు అది మేత. బ్యాక్టీరియాకు మేతగా పనికొచ్చి తద్వారా మనకు మేలు చేసేవాటిని 'ప్రీబయోటిక్' అంటారు, 1995లో పుట్టిన మాట. ప్రో అంటే జీవి, ప్రీ అంటే దాని మేత. ఒక్క అక్షరం తేడా కాబట్టి వీడియోల్లో ఈ రెండూ కలిసిపోతుంటాయి.

పెరుగేసి కలిపిన చద్దన్నంలో, తరవాణిలో లాక్టిక్ బ్యాక్టీరియా బతికే ఉంటుంది. అయితే వాటిని ప్రోబయోటిక్ అనొచ్చా? ఇక్కడ నిపుణుల్లో రెండు ధోరణులున్నాయి. ఏ స్ట్రెయినో, ఎంతో తెలియనప్పుడు ఆ పేరు వద్దు, 'బతికున్న సూక్ష్మజీవులున్న పులిసిన ఆహారం' అంటే చాలు అని నిర్వచనం పట్టుకునేవాళ్లు అంటారు. ఇంటింటికీ మారే కుండకు స్ట్రెయిన్ నంబరు అడగడం అన్యాయమని, తరాల వాడకాన్నీ లెక్కలోకి తీసుకోవాలని ఇంకొందరు అంటారు. నేను మొదటివాళ్ల వైపు. తరవాణి అన్న పేరే ఆ పదార్థానికి పూర్తి పేరు, ఇంకో పేరు తగిలిస్తే దాని విలువ పెరగదు.

ఒక జాగ్రత్త చెప్పాలి. రాత్రి మిగిలిన అన్నాన్ని వేడిగా ఉన్నప్పుడే మూత పెట్టి బయట వదిలేస్తే ఇందాక చెప్పిన బాసిల్లస్ సీరియస్ పెరగొచ్చు. అది వదిలే ఒక విషం మళ్లీ వేడిచేసినా పోదు. నీళ్లలోనో పెరుగులోనో పడి త్వరగా పులిసిన అన్నంలో ఆ పులుపే దాన్ని అణచిపెడుతుంది.

డాక్టర్లు ఎందుకు ఒక్క మాట మీద లేరు

మందుగా వాడే ప్రోబయోటిక్ మీద కూడా ఏకాభిప్రాయం లేదు. పిల్లల విరేచనాలకు రామ్నోసస్ జీజీ అనే స్ట్రెయిన్‌ను ఎంతోకాలంగా వాడుతున్నారు. 2018లో అమెరికాలో 971 మంది పిల్లల మీద చేసిన పరీక్షలో అది ఇచ్చినా ఇవ్వకపోయినా తేడా కనిపించలేదు. అంతకుముందు ఏడాది, 2017లో, మన పక్కనే ఒడిశా పల్లెల్లో 4,556 మంది పసికందుల మీద చేసిన పరీక్ష ఫలితాలొచ్చాయి. లాక్టోబాసిల్లస్ ప్లాంటారమ్‌లో ఒక స్ట్రెయిన్‌ను, దాని మేతతో కలిపి, 7 రోజులు ఇచ్చారు. తీవ్రమైన ఇన్ఫెక్షన్ సోకిన లేదా చనిపోయిన పిల్లల శాతం 9 నుంచి 5.4కు తగ్గింది. 2023లోనేమో, నెలలు నిండకుండా పుట్టిన పిల్లలకు ఇవి ప్రాణాంతక ఇన్ఫెక్షన్ తేవచ్చని అమెరికా ఎఫ్‌డీఏ (మందులు, ఆహారం మీద అజమాయిషీ చేసే ప్రభుత్వ సంస్థ) హెచ్చరించింది.

మూడూ నిజమే. స్ట్రెయిన్ వేరు, రోగం వేరు, పిల్లల పరిస్థితి వేరు. "ప్రోబయోటిక్ మంచిదా?" అన్న ప్రశ్న "వరి ఎన్ని రోజుల పంట?" అన్నట్టుంటుంది.

చెరువులో పోసేదాన్ని ఏమనాలి

ఇక గట్టు మీదకు వద్దాం. నిర్వచనం ప్రకారం మేలు తీసుకున్న ప్రాణికి జరగాలి. మేతకు కలిపి రొయ్య పేగులోకి పంపేదానికి అది సరిపోతుంది. నీళ్లలో చల్లేది మాత్రం అడుగు బురదను, అమ్మోనియాను తగ్గించడానికి. దాన్ని ప్రోబయోటిక్ అనకూడదు, జీవశుద్ధి అనాలి అని కొందరంటారు. 2000లో బెల్జియంలోని గెంట్ విశ్వవిద్యాలయ పరిశోధకులు వేరే వాదన చేశారు. నీళ్లలో బతికే ప్రాణికి చుట్టూ ఉన్న నీరు, పేగు విడివిడి కావు, కాబట్టి నీటిని బాగుచేసే జీవుల్నీ ఆ పేరుతో పిలవొచ్చని. రొయ్య క్షణక్షణం ఆ నీటిలోనే మొప్పలాడిస్తుంది కాబట్టి ఆ వాదనలో బలముంది.

మోతాదు లెక్క చూస్తే అసలు చిక్కు తెలుస్తుంది. ఎకరం చెరువులో నాలుగడుగుల నీరంటే దాదాపు 49.3 లక్షల లీటర్లు, అంటే 493 కోట్ల మిల్లీలీటర్లు. గ్రాముకు 100 కోట్లున్న పొడి కిలో చల్లితే మొత్తం లక్ష కోట్ల సీఎఫ్‌యూలు. పంచితే మిల్లీలీటరుకు 200 చిల్లర. అదే మిల్లీలీటరులో ముందు నుంచీ ఉన్న బ్యాక్టీరియా లక్షల్లో ఉంటుంది.

అందుకే తవుడు, బెల్లం, ఈస్ట్ డ్రమ్ములో కలిపి, ప్యాకెట్ పొడి వేసి, ఒకట్రెండు రోజులు పులియబెట్టి పోస్తారు. సంఖ్య పెంచడానికి అది తెలివైన పనే. కానీ పెరిగింది ఏమిటి? బాసిల్లస్‌కు బాగా పెరగడానికి గాలి కావాలి, మూత బిగించిన డ్రమ్ములో ఈస్టూ ఇతర బ్యాక్టీరియా దాన్ని మించిపోవచ్చు. అమ్మోనియాను తినే నైట్రోసోమోనాస్‌కైతే బెల్లంతో పనే లేదు, అది అమ్మోనియాతోనూ కార్బన్ డయాక్సైడ్‌తోనూ బతుకుతుంది, చాలా నెమ్మదిగా పెరుగుతుంది. ఇంకో సంగతి: బెల్లం, తవుడు చెరువులో పడగానే అక్కడే ఉన్న బ్యాక్టీరియా ఆ కార్బన్ తిని పెరుగుతూ అమ్మోనియాను వాడేసుకుంటుంది. ప్యాకెట్ వెయ్యకపోయినా ఇది జరుగుతుంది. అంటే నీళ్లు బాగుపడినప్పుడు ఆ పుణ్యం పొడిదో బెల్లానిదో పక్క చెరువుతో పోల్చి చూస్తే తప్ప తేలదు. ఆ బ్యాక్టీరియా ఆక్సిజన్‌నూ తాగేస్తుంది కాబట్టి రాత్రిపూట ఏరియేటర్లు (నీటికి గాలి పట్టించే యంత్రాలు) ఆగితే ప్రమాదం.

కోస్టల్ ఆక్వాకల్చర్ అథారిటీ (తీరప్రాంత ఆక్వా సాగును చూసే కేంద్ర సంస్థ) దగ్గర నమోదైనట్టు ప్యాకెట్ మీద ఉంటే, అది నిషేధిత యాంటీబయాటిక్స్ లేవన్న హామీ. ఎగుమతికి అది చాలా ముఖ్యం. లోపలి జీవి పనిచేస్తుందన్న హామీ మాత్రం అందులో లేదు.

ఇదంతా చెప్పాక బాబాయి లోపలికెళ్లి ప్యాకెట్ తెచ్చాడు, పిన్ని మనవడి సీసా తెచ్చింది. సీసా మీద ఒకే జీవి పేరు, పక్కన స్ట్రెయిన్ల గుర్తులు, మిల్లీలీటర్లలో లెక్క ఉన్నాయి. ప్యాకెట్ మీద నాలుగు పేర్లు, మొత్తం సంఖ్య ఉన్నాయి. బాబాయి కళ్లజోడు పెట్టుకుని రెండువైపులా తిప్పి చదివాడు. నాలుగింటిలో ఒక్కదానికీ నంబరు లేదు. "విత్తనాలైతే నంబరు చూడకుండా తీసుకుంటానా!" అన్నాడు.